రంగం కోడలి సాన

మా అమ్మ ఫొటో మా ఇంట్లో ఒక్కటి కూడా లేదు. రంగూన్‌లో స్టూడియోకి వెళ్ళి తీయించుకున్నది ఒకటుండేది గానీ, ఓడలో ఉప్పునీళ్ళు తగిలి ముఖాలు చెరిగిపోయాయి. నాన్న కోటు బొత్తాలు, అమ్మ కొప్పులో పువ్వు మాత్రం మిగిలాయి. బొమ్మలు వేసుకుని బతికేదానికి ఇదొక కష్టమా అనిపించవచ్చు. రైల్లో ఎదురుగా కూర్చున్న మనిషిని చూస్తే ఇంటికెళ్ళి ఆ ముఖం దించేయగలను. చిన్నప్పుడు మాకు పాలు పోసినావిడ ముక్కుపుడక కూడా గుర్తే. మా అమ్మ ముఖం మాత్రం కాగితం మీదికి రాదు. రెండు బుగ్గల మీద గుండ్రంగా, లేత పసుపు రంగులో ఎండిన పూత వస్తుంది. దాని చుట్టూ ఏమీ రాదు.

గోనెపట్టా మీద మట్టి అలికి, ఆ రెండు గుండ్రాలూ పెట్టి, మిగతాదంతా ఖాళీగా వదిలేసిన బొమ్మలు చాలా వేశాను. వాటివల్లే నాకు పేరొచ్చింది. గ్యాలరీవాళ్ళు వాటి పక్కన పెద్ద పెద్ద మాటలు రాసి అంటిస్తారు: సాంస్కృతిక అస్తిత్వం, స్మృతి, డయాస్పోరా. మా నాయనమ్మ వింటే డయాస్పోరా అనేది వరికి కొట్టే మందనుకునేది. ముఖం ఖాళీగా వదిలేయడం చాలా గొప్ప ఆలోచన అని రాసినవాళ్ళున్నారు. ఆలోచనా లేదు, గీలోచనా లేదు. రాక వదిలేశాను.

కిందటేడు ఒక పెద్ద ప్రదర్శనకి పిలిచినవాళ్ళు, నా బొమ్మల మధ్యలో మా అమ్మ వాడిన వస్తువు ఏదైనా పెడదామన్నారు. అమ్మ వస్తువంటూ ఈ లోకంలో మిగిలింది ఒకటే, ఆవిడ సాన. అది నా దగ్గర లేదు. శ్రీకూర్మం దాటి సముద్రం వైపు వెళితే వచ్చే మా నాన్న ఊళ్ళో, ఒక వేపచెట్టు కింద ఉంది. ప్రదర్శన సంగతి దేవుడెరుగు, ఆ సాన కోసం నేను చిన్నప్పటి నుంచీ లోపల ఏడుస్తూనే ఉన్నాను. దాన్ని ఇంటికి తెచ్చుకుని, దాని మీద చెక్క అరగదీసి ఆ వాసన చూస్తే, అమ్మ ముఖం దానంతటదే వస్తుందని నాకొక మొండి నమ్మకం. అందుకని కారు మాట్లాడుకుని బయల్దేరాను.

సాన అంటే గంధం తీసే రాయి అని అందరికీ తెలుసు. అమ్మది మన పూజగదుల్లో ఉండేదానికంటే చాలా పెద్దది, అన్నం తినే పళ్ళెమంత ఉండేది. గుండ్రంగా, పొట్టి కాళ్ళతో, అంచు చుట్టూ నీళ్ళు జారడానికి సన్నటి కాలవ చెక్కి ఉండేది. బర్మా ఆడవాళ్ళు తనాకా అనే చెట్టు బెరడుని పొద్దున్నే దాని మీద నీళ్ళు చిలకరించి అరగదీసి, ఆ గుజ్జు ముఖానికి పూసుకుంటారు. ఎండకి చలవ. చర్మానికి మంచిది. అంతకుమించి, అది పూసుకోకుండా వీధిలోకి రావడమంటే వాళ్ళకి జుట్టు విరబోసుకుని వచ్చినంత నామోషీ. మా అమ్మ బర్మా మనిషి. బరబరమని మొదలై, గుజ్జు వచ్చేకొద్దీ మెత్తబడే ఆ సాన చప్పుడుతోనే నాకు తెల్లవారేది.

మా వైపు జనం రంగూన్‌ని రంగం అంటారు. ఒకప్పుడు శ్రీకాకుళం, విజయనగరం పల్లెల్లో రంగం వెళ్ళిన మనిషి లేని వీధి ఉండేది కాదు. మా నాన్న కూడా మీసాలు సరిగా రాకముందే వెళ్ళి, బియ్యం మిల్లులో పనికి కుదిరి, ఆ మిల్లు ముందు పువ్వులమ్మే పిల్లని చేసుకున్నాడు. తర్వాత అక్కడి ప్రభుత్వం కొట్లూ మిల్లులూ స్వాధీనం చేసుకుని మనవాళ్ళని మీ దేశం మీరు పొమ్మంది. మన దేశం అని నాన్న అన్నాడు. అమ్మకి అది మన దేశం ఎలా అవుతుంది? అయినా మొగుడి వెనక, నన్ను పట్టుకుని ఓడెక్కింది. రేవులో సోదా చేసినవాళ్ళు ఆవిడ చెవులవి, చేతులవి అన్నీ ఒలిపించేశారు. మూటలో సాన చూసి, ఈ రాయి మాకెందుకని నవ్వి వదిలేశారు. ఆ నవ్విన సంగతి నాన్న ఊళ్ళో అందరికీ చెప్పి తనూ నవ్వేవాడు. అమ్మ నవ్వేది కాదు.

మేము ఊరు చేరేసరికి గోగు నానబెట్టే రోజులు. చెరువుల్లో గోగుకట్టలు కుళ్ళి, నార ఊడదీసే ఆ కంపు ఊరంతా కమ్ముకుని, బట్టల్లో, అన్నంలో, తాగే నీళ్ళలో కూడా అదే. ఇప్పటికీ ఎక్కడైనా తడి గోనె వాసన వస్తే నాకు కాళ్ళ కింద ఓడ కదిలినట్టే ఉంటుంది. మా వీధిలో ఇళ్ళన్నీ ఒకదానికొకటి అతుక్కుని ఉండేవి, రెండిళ్ళకీ మధ్య ఒకటే గోడ. నాయనమ్మ గుమ్మంలో కూర్చుని చుట్ట కాలుస్తోంది, మా ఊరి ముసలమ్మలందరిలాగే అడ్డపొగ, నిప్పున్న కొస నోట్లోకి పెట్టుకుని. కొడుకుని చూసి ఏడిచింది. నన్ను చూసి గడ్డం పట్టుకుంది. అమ్మని మాత్రం కింద నుంచి పైకి, పై నుంచి కిందికి చూసి అడిగింది.

“ఒరే సూరీ, ఏటి పేరు?”

నాన్న చెప్పాడు. నాయనమ్మ నోరు తిరగలేదు. “అదేటి పేరురా, దగ్గొచ్చినట్టున్నాది. రంగం నించి వచ్చినాది కదా, రంగమ్మ అందాం” అంది. అంతే. అమ్మ తన పేరు ఓడలో తెచ్చుకుని మా గుమ్మం బయట దింపేసింది. ఆ తర్వాత ఆ పేరు పలకగలిగినవాళ్ళం నాన్నా నేనే, మేము కూడా పలకలేదు.

నాయనమ్మ చెడ్డదని మాత్రం అనను. ఆవిడకి కోడలు నచ్చింది, దానికి కారణం చుట్ట. అమ్మ కూడా బర్మా ఆడవాళ్ళ మాదిరిగా లావుపాటి చుట్ట కాల్చేది, కాకపోతే నిప్పు బయటికి పెట్టుకుని. పొద్దువాలేసరికి అత్తాకోడళ్ళిద్దరూ అరుగు మీద చేరి, ఒకరి నిప్పు లోపల, ఒకరి నిప్పు బయట, పొగ వదులుతూ కూర్చునేవారు. “ఒలే గుంటా, మీయమ్మకి సెప్పు, నిప్పు బయటుంటే గాలే సగం తాగేస్తాది” అని నాయనమ్మ అంటే, నేను దాన్ని బర్మా మాటల్లోకి తిప్పేదాన్ని. అమ్మ ఒకసారి ప్రయత్నించి నాలిక కాల్చుకుంటే నాయనమ్మ పొట్ట పట్టుకుని నవ్వింది. అమ్మ చేసే చేపముద్ద వాసనకి పక్కూళ్ళో కుక్కలు లేచేవి గానీ, నాయనమ్మ దాన్ని గోంగూరలో కలిపి లొట్టలేసుకుని తినేది. ఒకసారి మమ్మల్ని శ్రీకూర్మం తీసుకెళ్ళింది. అక్కడ గుళ్ళో తాబేళ్ళని చూసి అమ్మ నేల మీద చతికిలబడి, ఆకుకూర తుంచి తినిపిస్తూ, నేనెప్పుడూ వినని చిన్నపిల్ల గొంతుతో వాటితో మాట్లాడింది. రంగూన్‌లో పగోడా కొలనులో కూడా తాబేళ్ళుండేవి. ఆ దేశంలో ఆవిడ ఎరిగినవాళ్ళలో ఈ దేశంలోనూ కనబడినవి అవే.

ఊరికి నచ్చనిది ఒకటే, ఆ ముఖం. మేము వచ్చిన మర్నాడే అమ్మ తనాకా పూసుకుని నూతి దగ్గరికి వెళ్ళింది. నీళ్ళు తోడుతున్న ఆడవాళ్ళు బిందెలు వదిలేసి వెనక్కి తప్పుకున్నారు. మేము తిరిగొచ్చేసరికి మా గుమ్మానికి వేపమండలు కట్టి ఉన్నాయి, గడప దగ్గర ఎవరో చల్దికుండ పెట్టి దణ్ణం పెట్టి వెళ్ళారు. అమ్మవారు పోసిందనుకున్నారు పాపం. మశూచి వచ్చిన ఒంటికి చందనం, పసుపు, వేపాకు ముద్ద పూస్తారు కదా, ఆరిన పూతతో వచ్చిన కొత్త మనిషిని చూసి అదే అనుకున్నారు. నాయనమ్మ ఆ చల్ది మాకు పంచిపెట్టి, “అమ్మోరు నేదు, గిమ్మోరు నేదు, అది ఆలకి పౌడరు” అని వీధి వీధంతా కేకేసి చెప్పింది. అందరూ నవ్వారు. ఆ నవ్వు అక్కడితో అయిపోయిందనుకున్నాం.

రంగం నుంచి తెచ్చిన చెక్క అరిగిపోయాక, అమ్మ ఊరి చుట్టూ కనబడిన ప్రతి చెట్టు బెరడూ గోకి వాసన చూడటం మొదలుపెట్టింది. మా జీడితోట అవతల ఒక వెలగచెట్టు దగ్గర ఆగిపోయింది. మళ్ళీ మళ్ళీ వాసన చూసింది. నా ముక్కు దగ్గర పెట్టింది. ఇంచుమించు అదే. ఆ రోజు ఇంటికి వస్తూ దారంతా నా చెయ్యి ఊపుతూ నడిచింది. ఇక ఈ ఊళ్ళో ఉండగలనని ఆవిడకి అనిపించిన రోజు ఏదైనా ఉంటే అదేనని నేననుకుంటాను.

ఆ వేసవిలో అమ్మవారు నిజంగానే వచ్చింది. నాన్న అప్పుడు విశాఖపట్నంలో, కాందిశీకులకి పనులిస్తారన్న ఆఫీసు చుట్టూ తిరుగుతున్నాడు. నాయనమ్మ మా మేనత్త పురిటికని కోటబొమ్మాళి వెళ్ళింది. ఇంట్లో అమ్మా నేనే. గోడకి అవతల ఇంట్లో నూకాలత్త ఉండేది, నాన్నకి వరసకి చెల్లెలు. ఆవిడకి ఇద్దరు ఆడపిల్లలు. పెద్దది పైడమ్మ నా ఈడుది, నాకు ఈ భాషలో తిట్లన్నీ నేర్పిన గురువు. చిన్నదాన్ని బుల్లి అనేవాళ్ళం, అప్పుడే నడక నేర్చింది. ఇద్దరికీ పోసింది. గుమ్మానికి మండలు కట్టారు. ఎవరి తలుపులు వాళ్ళు వేసుకున్నారు.

అమ్మవారు పోసిన ఇంటి చుట్టుపక్కల ఏం చేయకూడదో ఈ ఊళ్ళో పుట్టిన పసిపిల్లకి కూడా తెలుసు. తాలింపు వేయకూడదు. రోట్లో దంచకూడదు. రాతి మీద నూరకూడదు. ఆ చప్పుడు, ఆ ఘాటు అమ్మవారికి కోపం తెప్పిస్తాయి. మా అమ్మకి తెలీదు. తెలిసిన ఇద్దరూ ఊళ్ళో లేరు. వీధిలో ఎవరూ ఎవరితోనూ మాట్లాడటం లేదు. ఆవిడ రోజూ లాగే పొద్దున్నే లేచి, సాన గోడవారగా పెట్టుకుని, వెలగచెక్క అరగదీసింది. బరబరమన్న ఆ చప్పుడు గోడ దాటి అవతలికి వెళ్ళింది. బుల్లి చచ్చిపోయింది.

నూకాలత్త ఏడుపు మాకు ముందు గోడలోంచి వినిపించింది. తర్వాత మా గుమ్మంలోంచి. జుట్టు విరబోసుకుని వచ్చి, అమ్మ ముఖం మీది పూత చూసి కెవ్వుమంది.

“పూసుకున్నావా? ఈ రోజు కూడా పూసుకున్నావా? రోజూ నూరినావు. నా బుల్లిని రాయి మీదేసి అరగదీసినావే! మీ ఇంటికి అమ్మోరు రానేదేటి? మా ఇంటికే తోలినావేటి?”

మా ఇద్దరికీ ఓడ దిగాక గుడారాల్లో టీకాలు వేశారు, అందుకని రాలేదు. ఆ మాట ఆవిడకి చెప్పగల మనిషి అక్కడ ఎవరున్నారు? అమ్మ నా వైపు చూసింది, ఏమంటోందని. నేను ఒక్క ముక్క కూడా తిప్పి చెప్పలేకపోయాను. భాష రాక కాదు, ఆ మాట అమ్మకి చెప్పే ధైర్యం లేక. అమ్మ తనకి తోచింది చేసింది, ఆ బిడ్డ పోయిన తల్లిని పట్టుకోబోయింది. నూకాలత్త ఆ చెయ్యి తోసేసి వెళ్ళిపోయింది.

కబురు తెలిసి నాయనమ్మ బండి కట్టించుకుని వచ్చేసరికి వీధి పెద్దలు మా అరుగు ముందు చేరి ఉన్నారు. వాళ్ళ మాట తెగేసి చెప్పారు. ఆ రాయి పగలగొట్టి సముద్రంలో పారేయాలి. కోడలు ఆ పూత మానేసి, ముఖం కడుక్కుని, పసుపు రాసుకుని మనిషిలా ఉండాలి. కాదంటే ఊరొదిలి పోవాలి. నాయనమ్మ చుట్ట ఆర్పి, “కోడలి ముకం సంగతి నాను సూసుకుంటాను. రాయి సంగతి రేపు సెప్తాను” అంది.

మర్నాడు పొద్దున్న చూస్తే సాన ఇంట్లో లేదు. పెరటి వెనక, బాట పక్కనున్న వేపచెట్టు మొదట్లో నిలబెట్టి ఉంది. దాని నిండా పసుపు, నడుమ కుంకుమ బొట్టు, ముందు వేపమండలు, చల్దన్నం, ఉల్లిపాయ. దాని పక్కన నాయనమ్మ తడిబట్టతో కూర్చుని ఊగిపోతోంది. “కలలోకొచ్చి సెప్పినాది! రంగం నించి నీ కోడలి మూటలో కూకుని వచ్చినాను, నన్నే రాయంటారేట్రా అన్నాది! ఎవులు పగలగొడతారో రండి, నానూ సూస్తాను!” పెద్దలు చెప్పులు విప్పేశారు. ఆడవాళ్ళు నీళ్ళు తేవడానికి పరిగెత్తారు. నాయనమ్మ ఊగుతూనే ఒక కంటితో నా వైపు చూసింది. ఆ చూపు నాకర్థమైంది. ముసల్ది రాయిని కాపాడింది.

సాయంత్రం అమ్మని చెయ్యి పట్టుకుని తీసుకెళ్ళి చూపించింది. ఇదిగో, భద్రంగా ఉందని సైగ చేసింది. అమ్మ కళ్ళు తుడుచుకుని, జబ్బు తగ్గాక మళ్ళీ ఇస్తారు కదా, అడుగు అని నాతో అంది. నేను అడిగాను. నాయనమ్మ తల అడ్డంగా ఊపింది.

“పసుపెట్టీసినానే గుంటా. అమ్మోరి మీద సెక్క అరగదీస్తామేటే?”

అమ్మకి ఆ మాట ఎలా చెప్పానో నాకు గుర్తులేదు. ఆవిడ విన్నాక నాయనమ్మ ముఖంలోకి చూడటం మాత్రం గుర్తుంది. కోపం లేదు. ఓడరేవులో చెవులవి తీసిచ్చినప్పుడు కూడా అలాగే చూసింది.

వానలు పడ్డాయి, జబ్బు తగ్గింది, ఆ తగ్గించిన పుణ్యం వేపచెట్టు కింద రాయికి వెళ్ళింది. అమ్మ నూతి దగ్గర అందరిలా పసుపు రాసుకోవడం మొదలుపెట్టింది. మిగతా ఆడవాళ్ళ చామనఛాయ ముఖాల మీద పసుపు నిగనిగలాడేది. అమ్మ పాలిపోయిన తెల్లటి ముఖం మీద అది పచ్చకామెర్లలా ఉండేది. ఆ పసుపు కింద ఆవిడ ముఖం నాకు కొంచెం కొంచెంగా కనబడకుండా పోయింది. అరుగు మీద చుట్టలు సాగాయి గానీ, ఇద్దరూ ఎదురెదురుగా కూర్చోవడం మానేసి పక్కపక్కనే వీధిలోకి చూస్తూ కూర్చునేవారు. పొద్దున్నే అమ్మ వేపచెట్టు దగ్గరికి వెళ్ళి నిలబడేది. రంగం కోడలికి భక్తి కుదిరిందని ఊళ్ళో మెచ్చుకున్నారు.

నాన్నకి కొత్తవలస రైల్వేలో కలాసీ పని దొరికింది. వెళ్ళిపోయే రోజున అమ్మ సామాన్లేవీ పట్టించుకోకుండా నాన్నని వేపచెట్టు దగ్గరికి లాక్కెళ్ళింది. అది తీసుకురా అంది, బర్మా మాటలో. చెట్టు చుట్టూ ఆడవాళ్ళు చేరారు. నూకాలత్త కూడా ఉంది, పైడమ్మ చెయ్యి పట్టుకుని. జబ్బు నుంచి బతికి బయటపడ్డ పైడమ్మ ముఖమంతా గుంటలు. నాయనమ్మ కొంచెం దూరంలో నోట్లో చుట్టతో కూర్చుని నేల చూస్తోంది. నాన్న రాయి వైపు రెండడుగులు వేశాడు. అందరి వైపూ చూశాడు. చెప్పులు విప్పి, ఆ రాయికి వంగి దణ్ణం పెట్టి, వెనక్కి వచ్చేశాడు.

అమ్మ మళ్ళీ నాన్నతో తన భాషలో మాట్లాడలేదు. కొత్తవలస రైల్వే లైన్ల పక్క ఇంట్లో, పగలూ రేయీ గూడ్సు బళ్ళ మధ్య, వచ్చీరాని తెలుగులోనే మాట్లాడింది. నాతో కూడా. నాయనమ్మ ఏడాదికోసారి చుట్టలకట్ట తీసుకుని రైలెక్కి వచ్చేది, వాళ్ళిద్దరూ పెరట్లో కూర్చుని కాల్చుకునేవారు. నేను బొమ్మల చదువుకి విశాఖపట్నం వెళ్ళిన తర్వాత అమ్మ పోయింది. ఒంటికి పసుపు రాసి, పెద్ద బొట్టు పెట్టి, పుణ్యస్త్రీగా పంపించారు. ఆ ముఖం ఎవరిదో నాకు తెలియలేదు.

నాన్నని క్షమించానా అని అడిగితే లేదనే చెబుతాను. నాయనమ్మ సంగతి అడిగితే జవాబు చెప్పలేను. ఇప్పుడు తనాకా డబ్బాల్లో వస్తోంది, ఫోన్లో నొక్కితే ఇంటికి తెచ్చిస్తారు. తెప్పించాను. తెల్లటి పొడి, ఏదో సబ్బు వాసన. ఎక్కడి మనిషి ఎక్కడైనా ఉండొచ్చు, ముఖానికి ఏది పూసుకున్నా ఎవరూ ఏమీ అనరు. నా మనవరాలు జుట్టుకి నీలం రంగు వేసుకుని బస్సెక్కుతుంది. చూసి సంతోషిస్తాను, ఆ వెంటనే ఉక్రోషం వస్తుంది. ఇంత తేలికైన పని ఆ రోజు మా అమ్మ ఒక్కదానికి ఎందుకు కాలేదని.

కారు ఊళ్ళోకి వెళ్ళేసరికి వేపచెట్టు చుట్టూ సిమెంటు గట్టు, మీద పలకలు, వెనక చిన్న గోడ, రేకుల కప్పు. పైన ఎర్రరంగుతో ‘శ్రీ రంగమ్మతల్లి’ అని రాసి ఉంది. నేను ఆ అక్షరాల కింద నిలబడి ఆ పేరు మళ్ళీ మళ్ళీ చదివాను. అరుగు మీద నుంచి ఒక ముసలావిడ లేచి వచ్చింది. గుంటలు పడ్డ ఆ ముఖం చూడగానే తెలిసింది.

“వదినా? ముసల్దానివైపోనావే!” అంది పైడమ్మ.

ఆవిడే పూజ చేస్తోందట, వాళ్ళమ్మ పోయినప్పటి నుంచీ. పెళ్ళి కాలేదు, ఆ ముఖంతో ఎవరూ చేసుకోలేదు. మేము ఊరొదిలాక పుట్టిన తమ్ముడి ఇంట్లో ఉంటోంది. నేను నాన్చకుండా వచ్చిన పని చెప్పాను. రాయి మా అమ్మది, తీసుకెళతానని. పైడమ్మ గట్టు చూపించింది. రాయి అడుగుభాగం సిమెంటులో దిగిపోయి ఉంది.

“నీదే, కాదననేదు. తియ్యాలంటే పగలగొట్టాల. నానొప్పుకున్నా ఊరొప్పుకోదు.” ఆగి, కొంచెం మొహమాటంగా అంది: “వచ్చినావు కాబట్టి ఒకటి అడగతన్నాను. వచ్చే నెల పండగ. అమ్మోరికి ముకం నేదు, ఉత్త రాయే. నువ్వు బొమ్మలేస్తావంట కదా. ఎనక గోడ మీద ఆ తల్లి ముకం ఎయ్యవా?”

నాకు ఒళ్ళు మండిపోయింది. అన్నాళ్ళూ దాచుకున్నదంతా ఒక్కసారి నోట్లోకి వచ్చింది. “ఏ ముఖం వెయ్యమంటావు పైడీ? మీరు కడిగించిన ముఖమే కదా అది? కడిగించి, పసుపు పూయించి, ఊళ్ళోంచి పంపించి, ఇప్పుడు పండగ చేస్తారా?” అని అరిచాను. కారు డ్రైవరు తల తిప్పేసుకున్నాడు.

పైడమ్మ కోప్పడలేదు. గట్టు మీద కూర్చుని నన్నూ కూర్చోమంది.

“అందుకే అడగతన్నాను. ఎవులికీ సెప్పనేదు, మాయమ్మ బతికున్నన్నాళ్ళూ సెప్పలేకపోనాను. అప్పుడు నాకు ఒల్లంతా మంట. కల్లు అతుక్కుపోనాయి, పగలో రేత్తిరో తెల్దు. పక్కన బుల్లి మూలుగతా ఉండేది. సచ్చిపోనాననే అనుకున్నాను. గోడవతల మీయమ్మ నూరతంటే ఆ సప్పుడు ఇనపడేది. ఓహో, తెల్లారినాది, ఇంకా బతికే ఉన్నాను అనుకునేదాన్ని. ఆ సప్పుడు కోసం కాసుకుని ఉండేదాన్ని వదినా. బుల్లి పోనాక అది ఆగిపోనాది. నాను తల్లి తల్లి అని మొక్కేది ఈ రాయికి కాదు.”

నాకు ఏడుపొచ్చింది. ఆవిడ ముందే, కారు డ్రైవరు ముందే ఏడ్చేశాను. నా సంచిలో వెలగచెక్క ఎప్పుడూ ఉంటుంది, రంగులో కలపడానికి. పైడమ్మ దాన్ని తీసి వాసన చూసింది. తర్వాత చెంబుతో నీళ్ళు తెచ్చి రాయి మీద పోసి, ఏళ్ళ తరబడి పేరుకున్న పసుపుని గోళ్ళతో, కొబ్బరిపీచుతో ఒలిచింది. కింద రాయి చల్లగా, నల్లగా బయటపడింది. నడుమ అమ్మ చెయ్యి తిరిగి తిరిగి పడిన గుంట అలాగే ఉంది.

“నూరొచ్చా?” అన్నాను. అడుగుతుంటే నా గొంతు నాకే చిన్నపిల్లదిలా వినిపించింది.

“ఇప్పుడు అమ్మోరు పోసినిల్లు ఎక్కడున్నాది? నూరు. నాకు ఇనాలనున్నాది.”

నిలబెట్టిన రాయి మీద నూరడం తేలిక కాదు, చెయ్యి జారిపోతుంది. గట్టు మీదికి వంగి, నీళ్ళు చిలకరిస్తూ అరగదీశాను. బరబరమని మొదలైంది, మెత్తబడింది. పైడమ్మ కళ్ళు మూసుకుంది. అదే వాసన వచ్చింది, నేను ఎక్కడా కలిపి తయారు చేయలేకపోయిన వాసన. ఆ గుజ్జు వేళ్ళకి తీసుకుని, గట్టెక్కి వెనక గోడ మీద రెండు గుండ్రాలు పెట్టాను, కుడి బుగ్గ, ఎడమ బుగ్గ. ఇప్పుడు కళ్ళు వస్తాయని చెయ్యి ఎత్తి పట్టుకుని నిలబడ్డాను. రాలేదు. ముక్కు రాలేదు. పొద్దు వాలేదాకా నిలబడ్డాను.

“సాలు, దిగు” అంది పైడమ్మ. “కల్లూ ముక్కూ ఎవులికయినా ఉంటాయి. ఈ బుగ్గలు సూస్తే నాను ఆనవాలు పడతాను.”

ప్రదర్శనలో గది మధ్య పీఠం ఖాళీగానే పెట్టారు. దానికి కూడా గొప్ప ఆలోచన అని పేరొచ్చింది. పండగ అయిపోయాక ఒక పొద్దున్న పైడమ్మ తమ్ముడి ఫోన్ నుంచి మాట్లాడింది.

“ఊరోలు ఊరుకోనేదు వదినా. కల్లు నేని అమ్మోరేటి అన్నారు. సికాకులం నించి మనిషిని తెచ్చి పెద్ద పెద్ద కల్లు, ముక్కు, నాలిక, బొట్టు, అన్నీ పెట్టించీసినారు.”

“ఎలా ఉంది?”

“ఎలాగుంటాది? అమ్మోరి లాగున్నాది. మీయమ్మ లాగ నేదు.” అవతల చెంబు కింద పెట్టిన చప్పుడైంది. “బుగ్గలు మాత్రం నాను ఎవుల్నీ ముట్టనివ్వనేదు. పసుపు రాస్తామంటే సెయ్యి అడ్డమెట్టినాను. పొద్దున్నే సెక్క నూరి నానే పూస్తన్నాను. ఇప్పుడూ అందుకే వచ్చినాను.”

ఫోను ఆ రాయి దగ్గర పెట్టి నూరమన్నాను. పెట్టింది. బరబరమన్న చప్పుడు అంత దూరం నుంచి నా చెవిలో పడింది. కళ్ళు మూసుకున్నాను. అమ్మ ముఖం రాలేదు. అయినా ఫోను తీయకుండా, అవతల గుజ్జు వచ్చేదాకా వింటూ కూర్చున్నాను.